తేదీ మార్చని పాట

పదకొండో వారం

కిందటి వారం మా అమ్మ ఇంటి తలుపు సగం తెరిచి, మిమ్మల్ని గుమ్మంలో నిలబెట్టి వెళ్ళిపోయాను. వారం రోజులు నిలబడ్డారు, కాళ్ళు పీకుతుంటాయి. లోపలికి రండి. కుర్చీలకేం కొదవ లేదు. పదకొండు వేశాం, ఏడు ఖాళీ.

ఈ వారమే కథ అందుకున్నవాళ్ళకి నాలుగు ముక్కలు. మా అక్క కొడుకు డెర్విన్‌కి ఇరవై మూడేళ్ళు. అక్క పోయాక మా అమ్మ ఎస్సెలీన్ వాణ్ణి పెంచింది. రాటర్‌డ్యామ్‌లో నది దక్షిణపు ఒడ్డున, స్పూల్ వీధిలో, ఈ ఇంట్లోనే. ఇక్కడ ప్రతి ఇంట్లోలాగే మా ఇంట్లోనూ టాయిలెట్ తలుపు వెనకాల పుట్టినరోజుల క్యాలెండర్ వేలాడుతుంది. పక్కనే దారానికి కట్టిన పెన్సిలు. బతికున్నవాళ్ళకి పేరు, పోయినవాళ్ళకి పేరు పక్కన చిన్న సిలువ, పోయిన సంవత్సరం. పేరు మాత్రం చెరపరు. లోపల కూర్చున్న ప్రతివాడికీ ఎదురుగా అదే, చదవక చస్తాడా? మా వీధిలో మనిషి ముఖం మరిచిపోయినవాళ్ళున్నారు గాని తేదీ మరిచిపోయినవాళ్ళు లేరు.

డెర్విన్ ఆ క్యాలెండర్ మీదే రాప్ కట్టాడు. పేరు ‘తలుపు వెనకాల’. నెలకొకరు, పన్నెండు మంది, మనిషికి రెండేసి చరణాలు. పదకొండు మందికి వాత, ఒక్కరికి వెన్న. పేర్లన్నీ మార్చాడు. తేదీలు మాత్రం ప్రాస కుదిరిందని ఉంచేశాడు. ప్రాస వాడిది, ప్రయాస మాది. పాట ఉదయం వస్తే మధ్యాహ్నం కాఫీ వేళకల్లా పదకొండు మందీ ఎవరెవరో వీధి మొత్తం లెక్క తేల్చేసింది. దేశంలో ఐదు వారాలుగా అదే మొదటి స్థానం. ఒక నగరసభ సభ్యుడు దాన్ని ఆపించాలన్నాడు, ఇంకొకాయన టీవీలో ‘నిజం చెప్పే కుర్రాడు’ అని భుజం తట్టాడు. ఇద్దరి పుణ్యమా అని ఇంకా మోగింది. మంచి హిట్టు అన్నారు. తగిలినవాళ్ళని అడిగితే దెబ్బ అంటారు.

పాటలో మార్చి మూడు మొగుణ్ణి వదిలేసింది. జూన్ ఇరవై చర్చి మార్చాడు. అన్నిటికన్నా గట్టిగా తగిలింది సెప్టెంబరు పద్నాలుగుకి.

“సెప్టెంబరు పద్నాలుగు — నడుముకి తాళాల గుత్తి,
ఆడపిల్లల గది ముందే తిరిగే కాళ్ళకి ఎప్పుడు తృప్తి?”

ఆ తేదీ ఆద్రి స్లింగర్‌లాండ్‌ది. వీధి చివరి బడిలో ముప్ఫై ఒక్క ఏళ్ళుగా కాపలా, మరమ్మతు, గంట, గొళ్ళెం అన్నీ ఆయనే. బడివాళ్ళు ఆయన్ని ఇంట్లో ఉండమన్నారు. మంగళవారం పదిగంటలకి విచారణ.

ఈ ఆదివారం నవంబరు ఇరవై, మా అమ్మకి డెబ్బై నాలుగు. రెండు గంటలకి గంట మోగింది. వెళ్ళి తలుపు తీశాను. ఎదురింటి నుంచి వీధి దాటి వచ్చి, చేతిలో మొక్క కుండీతో, తల దువ్వుకుని, టై కట్టుకుని ఆద్రి నిలబడి ఉన్నాడు.

అక్కడ ఆపాను కదా. ఆయన్ని ఇంక చలిలో నిలబెట్టలేను.

“ఈవేళ ఇరవయ్యే కదా, హంఫ్రీ?” అన్నాడు, పొరపాటున వచ్చానేమోనన్నట్టు.

“ఇరవయ్యే ఆద్రీ, రా,” అన్నాను. నేను ట్రామ్ డ్రైవర్ని. ఇరవై ఆరేళ్ళుగా పట్టాల మీద బండి నడుపుతున్నాను గాని, మాట పట్టాలు తప్పితే ఎలా ఎక్కించాలో నాకు తెలీదు. అందుకే నవ్వాను. నాకు చేతనైన మరమ్మతు అదొక్కటే.

ఆయన కోటు నడవలో కొక్కేనికి తగిలించి, జోళ్ళు రెండుసార్లు తుడుచుకుని, గదిలోకి వచ్చాడు. గుండ్రంగా వేసిన కుర్చీల్లో మేం నలుగురం దూరదూరంగా, పాతబడ్డ దువ్వెన పళ్ళలా ఉన్నాం. కిటికీ పక్కన అమ్మ. ఆమె పక్కన మా పిన్ని వోన్నీ. తలుపుకి ఎదురుగా డెర్విన్, టోపీ కళ్ళ మీదికి లాక్కుని. నా కుర్చీ వాడి పక్కన.

మా దగ్గర పుట్టినరోజుకొచ్చినవాడు ఒక్కరికి చెప్పి కూర్చుంటే కుదరదు. గుండ్రంలో ఉన్న ప్రతి ఒక్కరికీ చెయ్యి కలిపి అభినందించాలి. నీ తల్లికి, నీ అక్కకి, నీ పక్కింటావిడకి అంటూ. ఆద్రి అమ్మ దగ్గర మొదలెట్టాడు.

“అభినందనలు ఎస్సెలీన్. ఇది నీకు.” కుండీ ఒళ్ళో పెట్టాడు. నిటారుగా కత్తుల్లా ఆకులు నిలబడే మొక్క. మా ఊళ్ళో దాన్ని ఆడవాళ్ళ నాలుక అంటారు. మామూలు రోజైతే దాని మీద నేను పావుగంట మాట్లాడేవాణ్ణి.

“ఎందుకిది ఆద్రీ, శ్రమ,” అంది అమ్మ ఆకుల్లోకి చూస్తూ.

“పది రోజులకోసారి నీళ్ళు చాలు. ఎక్కువ పోస్తే వేళ్ళు కుళ్ళిపోతాయి.”

తర్వాత పిన్ని. “మీ అక్క పుట్టినరోజుకి అభినందనలు, వోన్నీ.”

“మీకూ ఎదురింటావిడ పుట్టినరోజు అభినందనలు,” అంది పిన్ని. ఆవిడ గొంతు ఎప్పుడూ సంతలో ఉన్నట్టే ఉంటుంది. “మీరొక్కరే వచ్చారు వీధి మొత్తానికి. మిగతావాళ్ళందరికీ ఒకేసారి జలుబు చేసిందట.”

తర్వాత నేను. తర్వాత డెర్విన్.

ఆద్రి చెయ్యి చాచాడు. “మీ అమ్మమ్మ పుట్టినరోజుకి అభినందనలు, డెర్విన్.”

ఆ చెయ్యి ఎంతసేపు గాలిలో ఉందో నేను చెప్పలేను. రెండు స్టాపుల మధ్య దూరం ఉందనిపించింది. చివరికి వాడు లేచి, చేతి వేళ్ళ చివర్లు అందించాడు. “థాంక్యూ సార్,” అన్నాడు.

“సారా?” ఆద్రి చిన్నగా నవ్వాడు. “పోయిన వేసవి దాకా తాతనేగా.”

అమ్మ కేకు కోసింది. కొబ్బరి, కర్రపెండలం కలిపి కాల్చే బోయో. పదకొండు మందికి సరిపడా చేసింది. ఆ కత్తి పళ్ళెం మీద గీసుకున్న చప్పుడు తప్ప ఇంకేం లేదు. కేకుంది గాని కేకల్లేవు. మా ఇంట్లో ఇన్ని నవంబరు ఇరవైల్లో మొట్టమొదటిసారి.

ఆద్రి ముక్క పూర్తిగా తిన్నాడు. పొడి కూడా వేలితో అద్ది తిన్నాడు. పళ్ళెం మోకాళ్ళ మీద సరిచేసుకుని, డెర్విన్ వైపు తిరిగాడు.

“ఒక్క సంగతి అడిగి వెళ్ళిపోతాను. మంగళవారం పదింటికి బడికి రా. ఆ మాట ఎక్కడ విన్నావో చెప్పు. లేదా నువ్వే కల్పించావని చెప్పు. ఏదైనా ఫర్వాలేదు. ముప్ఫై ఒక్క ఏళ్ళలో నా మీద ఒక్క కాగితం లేదు. ఉన్నది ఆ రెండు చరణాలే.”

డెర్విన్ టోపీ అంచు సర్దుకున్నాడు. “పాటలో మీ పేరు లేదండీ. అందులో ఉన్నాయన పేరు బార్ట్.”

“పేరు మార్చావు బాబూ,” అన్నాడు ఆద్రి. “తేదీ మార్చలేదు.”

“ఆ తేదీన చాలామంది పుట్టారు.”

“ఈ వీధిలో ఆ తేదీన పుట్టినవాణ్ణి నేనొక్కణ్ణే. నువ్వు బార్టని అన్నావు, మా బడి పిల్లలు నా కిటికీ కింద పద్నాలుగూ పద్నాలుగూ అని పాడుతున్నారు. మూడో తరగతి పిల్లలు. వాళ్ళకి ఆ మాటకి అర్థం కూడా తెలీదు.”

“నేనక్కడ నిలబడి అది అబద్ధమంటే,” అన్నాడు డెర్విన్, నేల చూస్తూ, “మొత్తం పాటే అబద్ధమంటారు. ‘ప్రతి మాటా నిజం’ అని పల్లవి పెట్టుకున్నాను. పన్నెండు సార్లు పాడతాను ఆ మాట. పాట చేయించినవాళ్ళు నోరు విప్పొద్దన్నారు.”

“నేను వాళ్ళనడగలేదు. నిన్ను అడుగుతున్నాను. నీకు సైకిలు నేర్పింది నేను.”

డెర్విన్ తలెత్తాడు. ఆద్రి వైపు కాదు, కిటికీ వైపు, అమ్మ వైపు చూశాడు. నేనూ చూశాను. అమ్మ కేకు డబ్బా మూత పెడుతోంది. పెట్టిన మూతే మళ్ళీ పెడుతోంది.

“ఇంకో ముక్క తింటావా ఆద్రీ?” అంది.

ఆద్రి ఆమెకేసి కొంచెంసేపు చూశాడు. “వద్దు ఎస్సెలీన్. టాయిలెట్‌కి వెళ్ళొస్తాను.”

నడవలోకి వెళ్ళి తలుపు వేసుకున్నాడు. మా ఇళ్ళు కట్టినవాడు గోడలకి ఇటుకలు వేశాడో బిస్కెట్లు వేశాడో తెలీదు. ఒకవైపు తుమ్మితే రెండోవైపు ఆరోగ్యమస్తు అంటారు. అయినా ఆ క్షణంలో మేం నలుగురం ఆ సంగతి మరిచిపోయాం.

“ఒక్క ముక్క చెప్పడానికి నీకేం పోయింది రా?” అన్నాను వాడి చెవిలో. “అబద్ధమని చెప్పు. ఆయన బతుకుతాడు.”

“అబద్ధమని నాకేం తెలుసు మామయ్యా?”

“మరి నిజమని నీకెలా తెలుసు?”

వాడు కిటికీ వైపు తిరిగాడు. “అమ్మమ్మా,” అన్నాడు. “నువ్వు చెప్పు.”

“నాకేం తెలుసు?” అంది అమ్మ.

“నువ్వేగా చెప్పావు. మార్చిలో. వంటింట్లో అరటికాయలు తొక్క తీస్తూ.”

పిన్ని కాఫీ కప్పు కింద పెట్టింది. నాకు కథ అప్పటికి అర్థమైంది. అర్థం కాకుండా ఉంటే బాగుండేది.

మార్చిలో డెర్విన్ కిటికీ తెరిచి రోజంతా పాటలు దంచుతున్నాడని ఆద్రి రెండుసార్లు వచ్చి చెప్పాడు. మూడోసారి మాకు ఈ ఇళ్ళు అద్దెకిచ్చిన సంస్థ ఆఫీసులో చెప్పాడు. మా ఇంటికి హెచ్చరిక ఉత్తరం వచ్చింది. నలభై ఏళ్ళలో మా అమ్మ పేరు మీద వచ్చిన మొదటి హెచ్చరిక. ఆ ఉత్తరం నాకు చూపించింది కూడా. వంటింట్లో ఏమందో మాత్రం చెప్పలేదు.

“ఏమన్నావే అక్కా?” అంది పిన్ని.

“కోపంలో అన్నాను.”

“ఏమన్నావు?”

“మా మీద ఫిర్యాదు చేసే పెద్దమనిషి, వాడి సంగతెవరు చెప్పాలి, రోజంతా ఆడపిల్లలు బట్టలు మార్చుకునే గది దగ్గరే కదా తిరుగుళ్ళు అన్నాను.” అమ్మ కేకు కత్తి గుడ్డతో తుడిచింది. “అంతే. కోపంలో ఎవరైనా అంటారు. కోపంలో అన్నదాన్ని ఎవడైనా పాట కట్టుకుంటాడా?”

అమ్మ ఆ బడిలోనే పంతొమ్మిదేళ్ళు నేల తుడిచింది. మీకు గుర్తుండే ఉంటుంది, మూడో వారం చెప్పాను.

“తిరిగేవాడా మరి?” అన్నాను. నా గొంతు నాకే కొత్తగా వినిపించింది. “అమ్మా, నన్ను చూడు. తిరిగేవాడా, లేదా?”

“తిరిగేవాడు.” అమ్మ నన్ను చూడలేదు. “ఆ గదిలో వేడినీళ్ళ గొట్టం వారానికోసారి పగిలేది. నేల నిండా నీళ్ళు. నేనే పిలిచేదాన్ని. ఆద్రీ, మళ్ళీ కారుతోంది, రా అని. పిల్లలందరూ వెళ్ళారో లేదో నేను చూసి చెప్పేదాకా గుమ్మం దాటేవాడు కాదు. బయటే నిలబడేవాడు.”

బయటే నిలబడేవాడు. అదే, ‘గది ముందే తిరిగే కాళ్ళు’.

డెర్విన్ టోపీ తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. ఐదు వారాల్లో వాడి నుదురు చూడటం అదే మొదటిసారి. “నీ నోట అబద్ధం రాదని రాశాను అమ్మమ్మా,” అన్నాడు. “నవంబరులో.”

వెన్న అన్నాను కదా, అది ఇదే. పాటలో ఆ ఒక్క నెలా తీపి.

“నవంబరు ఇరవై — నన్ను పెంచిన చేతి ముద్ద,
ఆ నోట అబద్ధం రాదు, అడగండి ఎవరి వద్ద.”

“అబద్ధం కాదు రా,” అంది అమ్మ. ఆమె గొంతు చాలా చిన్నదైపోయింది. “తిరిగేవాడనే అన్నాను. ఎందుకో చెప్పలేదు.”

“అయితే మంగళవారం నువ్వెళ్ళు,” అంది పిన్ని. “ఇప్పుడు మాకు చెప్పిందే అక్కడ చెప్పు. వేడినీళ్ళ గొట్టమని.”

“నేను చర్చిలో ముందు వరసలో కూర్చునేదాన్ని, వోన్నీ. కష్టమొచ్చిన ప్రతి ఆడదీ నా దగ్గరికి వస్తుంది. రేపెవరొస్తారు?”

“ముందు వరసలోంచి చెబితే వెనకదాకా వినబడుతుంది. ఇంకా మంచిది.”

“నీకేం, అంటావు.”

“వీడు వెళ్ళొచ్చు కదా,” అంది మళ్ళీ అమ్మే. “కల్పించానని చెప్పొచ్చు కదా. కుర్రాడు. కుర్రాళ్ళని జనం క్షమిస్తారు.”

డెర్విన్ ఆమెకేసి చూసిన చూపు నేను ఇక్కడ రాయలేను. ఒకరు చెబితే పాట పోతుంది, ఒకరు చెబితే పేరు పోతుంది. రెండూ పోకూడదని ఇద్దరూ కూర్చున్నారు. మరి పోవాల్సింది ఎవరో, గోడ అవతల కూర్చున్నాయనకి తప్ప మా ఎవరికీ తట్టలేదు.

నీళ్ళు వదిలిన చప్పుడయింది. మేం నలుగురం పళ్ళేలు చేతుల్లోకి తీసుకున్నాం.

ఆద్రి గుమ్మంలో నిలబడ్డాడు, రుమాలుతో చేతులు తుడుచుకుంటూ. “నీళ్ళ తొట్టి లోపల కారుతోంది హంఫ్రీ. రబ్బరు అరిగింది. చిన్న పనే, రేపు మార్చు.”

విన్నాడా? ఆ ముఖం చూస్తే చెప్పలేం. ముప్ఫై ఒక్క ఏళ్ళు బడిలో పనిచేసినవాడు, వినబడనట్టు ఉండటం నేర్చుకునే ఉంటాడు.

“కూర్చో ఆద్రీ, ఇంకో కాఫీ,” అన్నాను.

“చాలు. ఇంట్లో పనుంది.” మళ్ళీ ఒక చుట్టు చెయ్యి కలిపాడు. వెళ్ళేటప్పుడు అంత అవసరం లేదు, వచ్చినప్పుడు చాలు. అయినా కలిపాడు. డెర్విన్ దగ్గర ఆగి, “నీ గొంతు బావుంది రా. చిన్నప్పుడు కూడా బావుండేది,” అన్నాడు.

వాడు నోరు తెరిచాడు. నేను చూశాను, తెరిచాడు. దేశమంతా మోగుతున్న గొంతు, ఒక్క గదికి సరిపడా పలకలేదు.

అమ్మ దగ్గర ఆద్రి కొంచెం వంగాడు. “ఏం ఫర్వాలేదు ఎస్సెలీన్,” అన్నాడు. అంతే. దేనికి ఫర్వాలేదో చెప్పలేదు.

నడవలో కోటు వేసుకోవడానికి చాలాసేపు పట్టింది ఆయనకి. ముసలివాడు, గుండీలు, అనుకున్నాను. తలుపు చప్పుడు లేకుండా మూసుకుంది. మా ఇంటి తలుపుని చప్పుడు లేకుండా వెయ్యగలిగింది ఈ వీధిలో ఆయనొక్కడే.

చాలాసేపు ఎవరం లేవలేదు. మూడున్నరకే వెలుతురు బూడిదగా అయిపోయింది. అమ్మ ఒళ్ళో కుండీ ఇంకా అలాగే ఉంది. ఆమె దాన్ని అటూ ఇటూ తిప్పి చూసింది. కుండీ అంచుకి ఒక పగులు, జిగురుతో అతికించి ఉంది.

“ఇది కోబాది,” అంది.

కోబా ఆద్రి భార్య. పోయి తొమ్మిదేళ్ళు. ఆ మొక్క ఆయన కిటికీ గట్టు మీద ఎడమ నుంచి రెండోది. ఈ కుర్చీలో కూర్చుని మా అమ్మ తొమ్మిదేళ్ళుగా రోజూ చూస్తున్న మొక్క. ఆయన దాన్ని తుడవడానికి కూడా పక్కకి జరిపేవాడు కాదు.

“కొత్తది కొనడానికి దుకాణం లేకపోయుంటుంది, ఆదివారం కదా,” అన్నాను. నేను ఎంత అడ్డమైన మాటకైనా నవ్వగలను. దీనికి నాకే నవ్వు రాలేదు. రబ్బరు చూసొస్తానని లేచి టాయిలెట్‌లోకి వెళ్ళాను.

తొట్టి కారడం లేదు. మూత తీసి చూశాను. లోపల కొత్త రబ్బరు, నల్లగా మెరుస్తూ. పోయిన నెల, పాట రాకముందు, మా అమ్మ చెబితే ఆయనే వచ్చి మార్చాడని అప్పుడు గుర్తొచ్చింది. మరి రబ్బరు అరిగిందని నాతో ఎందుకన్నాడు? ఈ గదిలోకి నన్నెందుకు పంపాడు?

వెనక్కి తిరిగాను. పెన్సిలు దారం చివర ఇంకా మెల్లగా ఊగుతోందనిపించింది. అది నా భ్రమే కావచ్చు.

క్యాలెండర్ నవంబరులో లేదు. సెప్టెంబరుకి తిప్పి ఉంది. మా నాన్న ఆ నెలలోనే, తొమ్మిదో తేదీ, పేరు పక్కన సిలువ. మా అమ్మ వంకర రాత. కింద పద్నాలుగు. ఆద్రి స్లింగర్‌లాండ్. దాని పక్కన చిన్న సిలువ, స్కేలు పెట్టి గీసినంత నిటారుగా. సిలువ పక్కన, బడి తాళాల మీద చీటీలు రాసే అదే పొందికైన రాతతో, ఈ సంవత్సరం.

“డెర్విన్!” నా అరుపుకి బిస్కెట్టు గోడలు నాలుగూ అదిరాయి.

వాడు వచ్చి చూశాడు. చదవడానికి వాడికి ఒక్క క్షణమే పట్టింది. ఆ తేదీ వాడికి కంఠతా వచ్చు. చెప్పులు కూడా లేకుండా వీధిలోకి పరుగెత్తాడు. నేను వెనకాల గుమ్మం దాకా వెళ్ళి ఎదురింటి కేసి చూశాను. మా వీధిలో కిటికీలకి తెరలుంటాయి గాని ఎవరూ వెయ్యరు. దాచుకునేదేముందని. నలభై ఏళ్ళలో ఆద్రి ఇంటి తెరలు మూసి నేను చూడలేదు, కోబా పోయిన రోజు కూడా. ఇప్పుడు పై నుంచి కింది దాకా మూసి ఉన్నాయి.

డెర్విన్ గంట నొక్కాడు. మళ్ళీ నొక్కాడు. అరచేత్తో తలుపు బాదాడు. “తాతా! ఆద్రి తాతా! నేను చెప్తాను! తలుపు తియ్యి, నేను చెప్తాను!” పాటల్లో ఎన్నడూ వాడు అంత గట్టిగా అరవలేదు. లోపల ఏ చప్పుడూ లేదు.

“తాళంచెవి!” అంది వెనక నుంచి అమ్మ. కుండీ చంకలోనే ఉంది. “ఆయన తాళంచెవి మన దగ్గరుంది కదా, హంఫ్రీ! కోబా పోయినప్పుడు ఇచ్చాడు, ఏదైనా అయితే అని! మేకుకి ఉంటుంది, ఎర్ర ఊలు దారంతో!”

నడవలో కోట్లు తగిలించే కొక్కేల పక్కన ఆ మేకు. చెయ్యి పెట్టాను.

ఎర్ర ఊలు దారం ఉంది. తెంపలేదు. ఓపిగ్గా ముడి విప్పి, దారాన్ని మేకుకి మళ్ళీ చక్కగా చుట్టిపెట్టి ఉంది. కోటు వేసుకోవడానికి ఎందుకంత సేపు పట్టిందో అప్పుడు తెలిసింది.

తాళంచెవి లేదు.